జుట్టుకు వాడనిది పట్టుకు వాడొద్దు

(చదువు కేంద్రంలో చేసిన ప్రసంగం)



ఈ పూట మాట్లాడుకునేది బట్టల మీద పడే మరకల గురించి. అన్ని మరకలూ కాదు. ఒక్క మరక గురించే. పట్టు రవికె చంక దగ్గర పడే తెల్లటి మరక గురించి.

పెళ్లికి వెళ్లి వస్తారు. పట్టుచీర విప్పి మడత పెడతారు. రవికె చూస్తే చంక దగ్గర తెల్లటి చారలు ఉంటాయి. సున్నం పూసి తుడిచినట్టు కనిపిస్తాయి. "ఏముందిలే, ఉతికితే పోతుంది" అనుకుంటారు. సబ్బు పెట్టి బరబరా రుద్దుతారు. చార పోదు. రంగు పోతుంది. ఇంకా రుద్దితే బట్టే పోతుంది.

ఇది చిన్న విషయంలాగే కనిపిస్తుంది. కానీ పట్టు బట్ట కొనాలంటే మామూలు ఇంట్లో ఎన్నాళ్లు డబ్బు కూడబెట్టాలి? అమ్మ కట్టిన పెళ్లిచీర కూతురికి ఇవ్వాలని ఎందరో దాచుకుంటారు. ఇక బట్టలు ఉతికి, ఇస్త్రీ చేసి బతికేవాళ్ల సంగతి చెప్పనక్కర లేదు. ఒక్క రవికె పాడైతే వాళ్ల కూలి పోతుంది. మాట కూడా పోతుంది. అందుకే ఈ మరక గురించి తెలుసుకోవాలి.

ఆ తెల్లటిది ఏమిటి?

చెమటకు దానంతట దానికి పెద్దగా వాసన ఉండదు. చర్మం మీద కంటికి కనిపించని సూక్ష్మజీవులు ఉంటాయి. అవి చెమటలోని పదార్థాలను తింటాయి. అప్పుడు వాసన పుడుతుంది.

ఈ వాసన పోవడానికి బజారులో రకరకాల సీసాలు, డబ్బాలు అమ్ముతారు. అన్నిటినీ జనం "సెంటు" అనో "స్ప్రే" అనో అంటారు. నిజానికి అవి రెండు రకాలు. ఒకటి డియోడరెంట్. ఇది వాసనను మాత్రమే ఆపుతుంది. రెండోది యాంటీపెర్స్‌పిరెంట్. ఇది చెమటనే తగ్గిస్తుంది. ఇందులో అల్యూమినియం లవణం ఉంటుంది. అది చెమట రంధ్రాల దగ్గర అడ్డుపడుతుంది.

అల్యూమినియం లవణం అంటే కొత్త వస్తువేమీ కాదు. పటిక అందరికీ తెలుసు. గడ్డం గీసిన తరువాత మంగలి షాపులో రాస్తారు. మురికి నీళ్లు తేరడానికి కడవలో తిప్పుతారు. ఆ పటిక కూడా అల్యూమినియం లవణమే.

సీసా మూతి దగ్గర గోళీ తిరిగే రకం ఒకటి ఉంది. దాన్ని రోలాన్ అంటారు. అమెరికాలో 1952లో ఇది బజారుకు వచ్చింది. బాల్ పెన్నును చూసి ఆ ఆలోచన చేశారు. మీ చేతిలో ఉన్న పెన్నులో చిన్న గోళీ తిరిగి సిరాను కాగితం మీదికి తెస్తుంది. ఆ సీసాలో పెద్ద గోళీ తిరిగి మందును చర్మం మీదికి తెస్తుంది.

ఈ మందు ఆరకముందే రవికె తొడుక్కుంటే ఏమవుతుంది? మందు చర్మం మీద ఉండదు. బట్టకు అంటుకుంటుంది. ఆరిన తరువాత తెల్లటి చార అవుతుంది. కర్రలా గట్టిగా ఉండే రకంలో మైనం కూడా ఉంటుంది. అది పట్టు దారాల మధ్య జిగటగా పట్టుకుంటుంది.

తెల్లటి చారను వెంటనే తీయకపోతే మరో చిక్కు వస్తుంది. లవణం, చెమట, ఒంటి జిడ్డు మూడూ కలిసిపోతాయి. కొన్నాళ్లకు అక్కడ పసుపు రంగు మరక పడుతుంది. బట్ట అట్టలా బిరుసెక్కుతుంది. తెల్ల చారను తీయడం సులువు. పసుపు మరకను తీయడం కష్టం. ఈ తేడా గుర్తుంచుకోవాలి.

పట్టు అంటే ఏమిటి?

నూలు పత్తి చెట్టు నుంచి వస్తుంది. పట్టు పురుగు నుంచి వస్తుంది. హిందూపురం వైపు మల్బరీ తోటలు వేసి పట్టుపురుగులు పెంచుతారు. పురుగు తన చుట్టూ గూడు అల్లుకుంటుంది. ఆ గూటి దారమే పట్టు. ఆ దారంతోనే ధర్మవరంలో, పోచంపల్లిలో చీరలు నేస్తారు. గద్వాల చీరలో అయితే ఒళ్లు నూలు, అంచు పట్టు.

పట్టు దారం మాంసకృత్తులతో తయారైంది. మన జుట్టు కూడా మాంసకృత్తులతో తయారైందే. గొర్రె ఉన్ని కూడా అంతే. కాబట్టి పట్టు, జుట్టు ఒక కోవకు చెందినవి.

కావాలంటే పరీక్ష చేసి చూడవచ్చు. బట్ట అంచు నుంచి ఒక్క దారం లాగండి. ఇనప గరిటె మీద పెట్టి కాల్చండి. జుట్టు కాలిన వాసన వస్తే అది పట్టు. కాగితం కాలిన వాసన వస్తే నూలు. కరిగి గట్టి పూసలాగా అయితే అది పాలిస్టరు. ఈ పరీక్ష పిల్లల చేత చేయించవద్దు. పక్కన నీళ్లు పెట్టుకుని చేయాలి.

ఇది తెలిస్తే సగం పని అయినట్టే. మీ జుట్టుకు బట్టల సోడా రాస్తారా? రాయరు. బ్లీచింగ్ పౌడరు పోస్తారా? పోయరు. కాగే నీళ్లు పోస్తారా? పోయరు. బండకేసి బాదుతారా? అసలే బాదరు. మరి ఏం వాడతారు? కుంకుడు రసం వాడతారు, లేదా షాంపూ వాడతారు. పట్టుకూ అవే మంచివి. నూనె సంగతి మాత్రం వేరు. నూనె జుట్టుకు మంచిదే కానీ పట్టు మీద పడితే మరక!

ఇస్త్రీ బండి అక్క

ఒక ఊళ్లో ఒక అక్క ఉంది. బట్టలు ఉతుకుతుంది. సాయంత్రం బండి మీద ఇస్త్రీ చేస్తుంది. ఒకసారి పెళ్లివారింటి నుంచి పట్టు రవికె వచ్చింది. ముదురు ఆకుపచ్చ రంగు, చేతులకు జరీ అంచు. చంక దగ్గర తెల్ల చారలు.

అక్క మామూలు సబ్బుతో ఉతికింది. చార పోలేదు. బట్టల సోడా వేసి బ్రష్షుతో రుద్దింది. అయినా పోలేదు. ఇంట్లో బ్లీచింగ్ పౌడరు ఉంది. నీళ్లలో కలిపి అందులో నానబెట్టింది. పొద్దున చూస్తే ఆకుపచ్చ రంగు పాలిపోయి ఉంది. చంక దగ్గర బట్ట పలచబడింది. వేలు తగలగానే చిరిగింది.

రవికె గల ఆవిడ వచ్చింది. "నీ చేతికి ఇచ్చినప్పుడు బాగానే ఉంది కదమ్మా" అంది.

"మరక అప్పటికే ఉందమ్మా, మీరు చూడలేదు" అంది అక్క.

"ఉందని నువ్వు ఆనాడు చెప్పావా?"

అక్క దగ్గర జవాబు లేదు. ఆ రవికె ఖరీదు పదిహేను రోజుల ఇస్త్రీ కూలితో కట్టుకుంది.

అక్క చెడ్డపని ఏమీ చేయలేదు. కష్టపడి పని చేసింది. నూలు బట్టకు పనికొచ్చే బలం పట్టుకు పనికిరాదని ఆమెకు ఎవరూ చెప్పలేదు. అంతే.

ఇప్పుడు అక్క దగ్గర ఒక నోటు పుస్తకం ఉంది. బట్ట తీసుకునేటప్పుడే వెలుతురులో విప్పి చూస్తుంది. ఇచ్చినవాళ్ల ముందే చూస్తుంది. "పట్టు రవికె ఒకటి. ఎడమ చంక తెల్ల మరక" అని రాసుకుంటుంది. తేదీ వేస్తుంది. వాళ్లకు చదివి వినిపిస్తుంది. "ఏం రాసుకున్నారమ్మా, సెంటా, పౌడరా?" అని అడుగుతుంది. మరక దేనిదో తెలిస్తేనే మందు తెలుస్తుంది. పైగా రేపు మాట రాకుండా ఉంటుంది.

మరక తీసే పద్ధతి

1. ముందు పొడిగా దులపాలి. నీళ్లు తగలనివ్వకుండా మెత్తటి పాత బనియను గుడ్డ తీసుకోవాలి. చార మీద మెల్లగా తుడవాలి. నేత ఎటు ఉంటే అటే తుడవాలి. కొత్త చార అయితే చాలామటుకు దీంతోనే పోతుంది.

2. రంగు పరీక్ష చేయాలి. రవికె లోపలి కుట్టు మడత దగ్గర రెండు చుక్కల నీళ్లు వేయాలి. తెల్ల గుడ్డతో అదమాలి. తెల్ల గుడ్డకు రంగు అంటితే అక్కడితో ఆపేయాలి. ఆ బట్టను ఇంట్లో తడపవద్దు. డ్రైక్లీనింగుకు ఇవ్వాలి.

3. రంగు దిగకపోతే రవికెను తిరగేయాలి. లోపలి వైపు నుంచి మరక మీద చన్నీళ్లు పోయాలి. మరక కింద మడతపెట్టిన తెల్ల గుడ్డ ఉంచాలి. మీద అదమాలి, రుద్దవద్దు.

4. ఇంకా చార కనిపిస్తే వెనిగర్ వాడవచ్చు. రంగులేని తెల్ల వెనిగర్ మాత్రమే తీసుకోవాలి. ఒక చెంచా వెనిగర్‌కు పది చెంచాల నీళ్లు కలపాలి. ముందు దీన్ని కూడా కుట్టు మడత దగ్గర పరీక్షించాలి. తరువాత దూదితో మరక మీద మాత్రమే అద్దాలి. అయిదు నిమిషాలు చాలు. తరువాత చన్నీళ్లతో బాగా కడగాలి. వెనిగర్ పులుపు లవణాన్ని వదులు చేస్తుంది. జరీకి మాత్రం పులుపు తగలకూడదు. తగిలితే జరీ నల్లబడవచ్చు.

5. ఇప్పుడు కుంకుడు రసం. నాలుగైదు కుంకుడుకాయలు కొట్టి గింజలు తీసేయాలి. గోరువెచ్చని నీళ్లలో గంటసేపు నానబెట్టాలి. పిసికి, గుడ్డలో వడకట్టాలి. ఆ రసాన్ని అర బకెట్ చన్నీళ్లలో కలపాలి. రవికెను అందులో అయిదు నిమిషాలు ముంచి మెల్లగా ఆడించాలి. తెల్ల పట్టు, లేత రంగు పట్టు అయితే కుంకుడు రంగు అంటవచ్చు. అలాంటివాటికి కొద్దిగా పిల్లల షాంపూ వేస్తే సరిపోతుంది.

6. రెండు మూడుసార్లు మంచినీళ్లలో జాడించాలి. బోరు నీళ్లు చాలా ఊళ్లలో కఠినంగా ఉంటాయి. అందులో సబ్బు సరిగా నురగ రాదు. తెల్లటి తెట్టు కడుతుంది. ఆ తెట్టు కూడా పట్టు మీద చారలా మిగులుతుంది. ఒక మరక తీయబోతే ఇంకో మరక! అందుకని పట్టుకు వాన నీళ్లో, మెత్తటి నీళ్లో వాడితే మంచిది. కుంకుడు రసానికి ఈ బాధ లేదు.

7. పిండకూడదు, మెలి తిప్పకూడదు. పొడి తువాలు పరిచి, దాని మీద రవికె పెట్టాలి. చాప చుట్టినట్టు చుట్టి అదమాలి. నీళ్లను తువాలు పీల్చుకుంటుంది.

8. లోపలి వైపు పైకి తిప్పి నీడలో ఆరవేయాలి. ఎండలో వేస్తే రంగు వెలుస్తుంది.

9. ఆరిన తరువాత వెలుతురులో చూడాలి. మరక పూర్తిగా పోయిందా? అయితేనే ఇస్త్రీ చేయాలి. మరక ఉండగా ఇస్త్రీ పెడితే వేడికి అది బట్టలో నాటుకుపోతుంది. ఇస్త్రీ కూడా తక్కువ వేడితో, లోపలి వైపు నుంచి చేయాలి.

ఒక్కసారికి పోకపోతే మళ్లీ మెల్లగా చేయాలి. మందు ఎక్కువ చేయవద్దు.

ప్రాణం మీదికి తెచ్చే పని

ఇది శ్రద్ధగా వినండి. బ్లీచింగ్ పౌడరు, బ్లీచింగ్ ద్రవం పట్టును తినేస్తాయి. అంతేకాదు. బ్లీచింగ్‌లో వెనిగర్ గానీ, నిమ్మరసం గానీ, స్నానాల గది కడిగే యాసిడ్ గానీ కలిస్తే క్లోరిన్ వాయువు పుడుతుంది. అది విషవాయువు. కళ్లు మండుతాయి. ఊపిరి ఆడదు. "ఒకదానితో పోలేదు, రెండూ కలిపి చూద్దాం" అని ఎవరూ అనుకోవద్దు. పొరపాటున కలిసి ఘాటు వస్తే వెంటనే బయటి గాలిలోకి వెళ్లాలి. ఊపిరి కష్టమైతే ఆసుపత్రికి వెళ్లాలి.

కిరోసిన్, పెట్రోలుతో మరకలు తీసేవాళ్లు ఉన్నారు. పక్కనే ఇస్త్రీపెట్టెలో నిప్పులు ఉంటాయి. ఆ పని అసలు చేయవద్దు.

పాత మరక అయితే?

పసుపు రంగు తిరిగిన పాత మరక పూర్తిగా పోతుందని ఎవరూ మాట ఇవ్వలేరు. చెమట కూడా పట్టును బలహీనం చేస్తుంది. బిరుసెక్కిన చోట బలంగా లాగితే చిరుగుతుంది. పై పద్ధతిలో ఒకటి రెండుసార్లు ప్రయత్నించవచ్చు. పోకపోతే డ్రైక్లీనింగు షాపులో చూపించాలి. "ఇది చంకలో రాసుకునే మందు మరక" అని చెప్పి ఇవ్వాలి. ఖరీదైన పాత చీరల రవికెలను మొదటే అక్కడికి ఇవ్వడం మేలు.

నూలు బట్ట అయితే?

నూలు బట్టకు ఇంత సుకుమారం అక్కర లేదు. తెల్ల చొక్కా, బనియను చంక దగ్గర మరక పడితే వంట సోడాను నీళ్లతో ముద్దలా కలపాలి. మరక మీద పూసి అరగంట ఉంచాలి. తరువాత మామూలుగా ఉతకాలి. నూలు బట్టకైనా ఈ మరక మీద బ్లీచింగ్ వేయవద్దు. పసుపు రంగు ఇంకా ముదురుతుంది. వంట సోడా నూలుకే కానీ, పట్టుకు కాదు.

చీటీ మీది బొమ్మలు

రెడీమేడ్ బట్టల లోపల చిన్న గుడ్డ చీటీ కుడతారు. చాలామంది గుచ్చుకుంటుందని కత్తిరించి పారేస్తారు. పారేయవద్దు. దాని మీద ఇంగ్లీషు ముక్కలు ఉన్నా పరవాలేదు. బొమ్మలు ఉంటాయి. ఆ బొమ్మలు అన్ని భాషలవాళ్లూ చదవవచ్చు.

నీళ్ల తొట్టి బొమ్మ అంటే ఉతకడం. తొట్టిలో చెయ్యి ఉంటే చేత్తో ఉతకాలి. త్రికోణం అంటే బ్లీచింగ్. చదరం అంటే ఆరబెట్టడం. ఇస్త్రీపెట్టె బొమ్మ అంటే ఇస్త్రీ. అందులో ఒక చుక్క ఉంటే తక్కువ వేడి, మూడు చుక్కలు ఉంటే ఎక్కువ వేడి. సున్నా అంటే డ్రైక్లీనింగు వంటి షాపు పని. ఏ బొమ్మ మీదైనా కొట్టివేత గుర్తు ఉంటే ఆ పని చేయకూడదు.

ఇస్త్రీ బండి అక్క దగ్గరికి ఒక అబ్బాయి పట్టు కుర్తా తెచ్చాడు. "బ్లీచింగ్ వేసైనా సరే, రేపటికి తెల్లగా చెయ్యక్కా" అన్నాడు. అక్క లోపలి చీటీ చూపించింది. "ఇదిగో చూడు బాబూ, త్రికోణం కొట్టేశారు. వేస్తే బట్ట ఉండదు. రెండు రోజులు ఆగు" అంది. అబ్బాయి ఆగాడు.

దర్జీ కుట్టిన రవికెకు చీటీ ఉండదు. అప్పుడు దారం కాల్చే పరీక్ష ఉండనే ఉంది.

మరక పడకుండా ఉండాలంటే

స్నానం చేసి చంకలు బాగా తుడుచుకోవాలి. మందు కొంచెమే రాసుకోవాలి. ఎక్కువ రాస్తే మిగిలినదంతా బట్టకే పోతుంది. పూర్తిగా ఆరిన తరువాతే రవికె తొడుక్కోవాలి. పౌడరైనా అంతే, మిగిలినది దులుపుకోవాలి.

పట్టు రవికె కుట్టించేటప్పుడు లోపల నూలు లైనింగు వేయించాలి. చంక దగ్గర విడిగా ఒక నూలు గుడ్డ ముక్క టాకా వేయించుకోవచ్చు. దాన్ని విప్పి ఉతుక్కోవచ్చు. చెమటంతా ముక్క పీల్చుకుంటుంది, పట్టు బాగుంటుంది.

ఇంటికి వచ్చాక చెమట తడితో మడత పెట్టవద్దు. తిరగేసి నీడలో గాలికి ఆరనివ్వాలి. చంక దగ్గర ఒకసారి చూడాలి. చార ఉంటే ఆ పూటే దులపాలి. బీరువాలో పెట్టేటప్పుడు శుభ్రమైన నూలు గుడ్డలో చుట్టాలి.

గుర్తుంచుకోండి

తెల్ల చారను ఆ పూటే తీయాలి.
పట్టుకు చన్నీళ్లు, కుంకుడు రసం చాలు.
రుద్దవద్దు, పిండవద్దు, ఎండలో వేయవద్దు.
మరక పోయాకే ఇస్త్రీ.
బ్లీచింగ్‌లో వెనిగర్, యాసిడ్ ఎన్నడూ కలపవద్దు.
బట్ట తీసుకునేటప్పుడే చూసి, రాసుకుని, చదివి వినిపించాలి.

చర్చించండి

1. పట్టుకు, జుట్టుకు పోలిక ఏమిటి?
2. మరక ఉన్న బట్టను ఇస్త్రీ చేస్తే ఏమవుతుంది?
3. బట్ట పాడైతే ఇస్త్రీ చేసేవాళ్లే నష్టం భరించాలా? బట్ట ఇచ్చేవాళ్లు ముందుగా ఏం చెప్పాలి?
4. మీ ఇంట్లో ఒక రెడీమేడ్ బట్ట తీసుకోండి. లోపలి చీటీ చూడండి. దాని మీద ఉన్న బొమ్మలు మీ నోటు పుస్తకంలో గీయండి. ఒక్కో బొమ్మ పక్కన దాని అర్థం రాయండి.